పూరీ కడాయి దిగితేనే అన్నం ఎసరు ఎక్కేది

హన్మకొండ చౌరస్తా చుట్టుపక్కల పదకొండుంబావుకు ఏ టిఫిన్ సెంటర్‌లో నిలబడినా ఈ ముచ్చట వినబడుతుంది.

"దోశ ఉందా అన్నా?"

"దోశ అయిపోయింది, ఇగ మీల్సే."

"మీల్సే ఇయ్యి మరి."

"ఇంకో అర్ధగంట పడ్తది."

అడిగినాయన అటూ ఇటూ చూస్తాడు. బకెట్లో పిండి కనబడుతూనే ఉంది, దోశ లేదంటున్నారు. లోపల అన్నం కుతకుతలాడుతున్న చప్పుడు వినబడుతూనే ఉంది, మీల్స్ లేవంటున్నారు. చేసేదేం లేక పక్క సందులో ఛాయ్ తాగి పోతాడు. పొద్దుగాల అయిదింటి నుంచి కష్టపడి కూడబెట్టిన గిరాకి కారిపోయేది ఈ అర్ధగంటలోనే.

మాస్టర్ బద్ధకమనో ఓనర్ మొండితనమనో అనుకుంటారు చాలామంది. అసలు సంగతి వేరు. టిఫిన్ నుంచి మీల్స్‌కు మారేటప్పుడు పొయ్యి, గిన్నె, నూనె, మనిషి నాలుగూ మారాలి. టిఫిన్ బోర్డును మీల్స్‌కు పదకొండున్నరకు తిప్పాలంటే ఆ పని తొమ్మిదిన్నరకే మొదలవ్వాలి. పదిన్నరకు మొదలుపెట్టిన దుకాణమే పదకొండుంబావుకు చేతులెత్తేస్తుంది.

అమెరికాలో మెక్‌డొనాల్డ్స్ అంతటి సంస్థకు కూడా ఈ తిప్పలు తప్పలేదు. అక్కడ చాలా దుకాణాల్లో పొద్దుటి మెనూ పదిన్నరకు బంద్. జనం ఏళ్ల తరబడి అడగ్గా అడగ్గా 2015 అక్టోబర్‌లో రోజంతా బ్రేక్‌ఫస్ట్ పెట్టారు. 2020 మార్చిలో కరోనా వచ్చినప్పుడు వంటింటి పని తగ్గించుకోవాలని తీసేశారు. గుడ్డుకు కావాల్సిన వేడి వేరు, బర్గర్‌లో పెట్టే మాంసం బిళ్లకు కావాల్సిన వేడి వేరు. ఒకే పలక మీద రెండూ ఒక్కసారి నడవవు. అన్ని యంత్రాలున్న చోటే అట్లుంటే, మూడు పొయ్యిల హోటల్ గురించి చెప్పేదేముంది?

ఆ మూడు పొయ్యిల లెక్కే ముందు చూద్దాం. మామూలు టిఫిన్ సెంటర్లో ఒకటి దోశ పెనం కింద, ఒకటి ఇడ్లీ డబ్బా కింద, అన్నిటికన్నా పెద్ద మంట ఉన్నది పూరీ కడాయి కింద ఉంటాయి. అదే కడాయిలో వడ, మైసూర్ బజ్జీ కూడా. మధ్యాహ్నానికి అన్నం, పప్పు, సాంబారు, రెండు కూరలు కావాలి. వీటిలో అన్నానికి పెద్ద మంట తప్ప వేరేది పనికిరాదు. ఎందుకంటే అసలు సమయం తినేది బియ్యం కాదు, ఎసరు.

గంజి వార్చే పద్ధతిలో 10 కిలోల బియ్యానికి 50 లీటర్ల నీళ్లన్నా ఉండాలి. అన్ని నీళ్లు పెద్ద బర్నర్ మీద, మూత పెట్టి, మరగడానికి 40 నిమిషాలు పడుతుంది. మూత పెట్టకపోతే ఇంకో పది, పదిహేను. బియ్యం పోశాక ఎసరు చల్లబడి మళ్లీ పొంగు రావడానికి అయిదారు నిమిషాలు, ఉడకడానికి 12 నుంచి 15, వార్చడానికి అయిదు, దమ్ముకు పది. మొత్తం గంటా పావు. పదకొండున్నరకు మొదటి కంచంలో అన్నం పడాలంటే డేగిసా పదింబావుకు పొయ్యి ఎక్కాలి. పదింబావుకు ఆ పొయ్యి మీద ఏముంటుంది? పూరీ కడాయి. మాస్టర్ "ఇంకో రెండు ప్లేట్లు అన్నా" అంటూ పదీ నలభై దాకా లాగుతాడు. ఆ రెండు ప్లేట్ల పూరీకి వచ్చే డబ్బెంత, వెనక్కి పోయే పది మీల్స్ డబ్బెంత? ఈ కూడికా తీసివేతా గల్లాలో కూర్చున్నాయన చేయాలి. మాస్టర్ చేయడు, చేయమనడం కూడా న్యాయం కాదు. ముందు నిలబడ్డ మనిషికి లేదనడం ఏ వంటవాడికీ ఇష్టముండదు.

కాబట్టి టిఫిన్లన్నీ ఒకే గడియకు ఆపొద్దు. ముందు ఆపాల్సింది పూరీ, పది గంటలకు. నూనెతో పనున్న వడ, బజ్జీ కూడా దాంతోపాటే. ఇడ్లీ చివరి వాయి పదిన్నరకు డబ్బాలో పెట్టి, పది పన్నెండు నిమిషాల్లో దింపి, హాట్ బాక్సులో వేసి ఆ పొయ్యి కూరకు వదిలేయాలి. ఇడ్లీ హాట్ బాక్సులో గంటదాకా మెత్తగా ఉంటుంది, దోశ రెండు నిమిషాలు కూడా ఆగదు. అందుకని దోశ పెనం అందరికంటే ఆఖరున, పదకొండుకు. చాలా చోట్ల దీన్ని తలకిందులు చేస్తారు. మాస్టర్ అలసిపోయాడని దోశ ముందు బంద్ చేసి, పిండి కలిపి పెట్టుకున్నామని పూరీ లాగుతారు.

తొమ్మిదిన్నరకు ఎవరో ఒకరు లోపలికి పోయి లెక్క చూడాలి. దోశ పిండి ఎన్ని లీటర్లుంది? లీటరుకు పది దోశలు పెట్టుకోండి. ఆరు దోశలు పట్టే పెనం మీద గంటకు ఎనభైకి మించి ఆశించొద్దు. పదకొండు దాకా గంటన్నరకు నూట ఇరవై. చివరి అరగంట గిరాకి సగమే కాబట్టి వంద. అంటే బయట ఉండాల్సింది పది లీటర్లు. పదిహేనుంటే అయిదు వెంటనే ఫ్రిజ్‌లోకి పోవాలి, పదిన్నరకు కాదు. ఇడ్లీ పిండికైతే కిలో మినపగుండ్లు, రెండు కిలోల ఇడ్లీ రవ్వకు నూట యాభై ఇడ్లీల దాకా వస్తాయి. మిగిలిన డబ్బా ఎంత నిండుగా ఉందో చూసి అంచనా కట్టొచ్చు. సిలిండర్ కూడా ఆ పూటే చూసుకోవాలి, ఆ సంగతి కింద చెప్తాను.

దోశ పిండిని బయట ఉంచితే ఏమవుతుందో చివరి అరగంటలో పెనమే చెబుతుంది. పొద్దున అయిదున్నరకు తీసిన బకెట్ పదిన్నరకు పైన నురగ కట్టి, గరిటెతో ఎత్తితే జారిపోతుంది. పులుపెక్కిన పిండిలో తీపి మిగలదు. అందుకే ఎంత కాల్చినా దోశ తెల్లగానే ఉంటుంది, ఎర్రదనం రాదు. బకెట్‌కు చారెడు బొంబాయి రవ్వ, ఒక చెంచా చక్కెర కలిపితే రంగు కొంత తేరుకుంటుంది గానీ పులుపు పోదు. మన దగ్గర మేలో ఎండ 43, 44 డిగ్రీలకు పోయినప్పుడు తొమ్మిదికే ఈ అవస్థ. నాలుగు లీటర్ల చిన్న బకెట్లలో విడివిడిగా ఫ్రిజ్‌లో పెట్టుకుని, ఒకటి అయ్యాకే ఇంకోటి తీయడం తప్ప వేరే మందు లేదు.

పెనానిదీ ఇదే కథ. గిరాకి పలచబడగానే మాస్టర్ మంట తగ్గిస్తాడు. పెనం నడుమ చల్లబడుతుంది, అంచులు వేడిగానే ఉంటాయి. అప్పుడొచ్చిన ఆర్డర్‌కు పిండి పోస్తే నడుమ అంటుకుంటుంది. దానికి మంట ఒక్కసారి పెంచితే తర్వాతి దోశ గరిటె తిప్పకముందే గట్టిపడి, గరిటెకే చుట్టుకుని వస్తుంది. నీళ్లు చల్లి చూడాలి: చుక్కలు ముత్యాల్లా దొర్లి మాయమైతే బాగా వేడెక్కినట్టు, ఒకసారి చీపురుతో నీళ్లు తుడిచి పోయాలి. చుయ్యిమని అక్కడే ఆవిరైతే సరైన వేడి. చప్పుడు లేకుండా మెల్లగా మరిగితే ఇంకా కాలలేదు. ఆఖరి అరగంటలో ఆరు చోట్ల కాకుండా మంట నేరుగా తగిలే రెండు చోట్లే పోసుకుంటే సగం తిప్పలు తప్పుతాయి.

పదకొండుకు పెనం ఆపాక వేడి మీదే గీకి, గ్లాసు నీళ్లు పోసి, పుల్లల చీపురుతో రుద్ది, గుడ్డతో తుడిచి, పలచగా నూనె రాయాలి. సబ్బు తగలనీయొద్దు. సబ్బు పడితే నెలలుగా ఎక్కిన నూనె పొర పోయి, మరునాడు మొదటి పది దోశలు చెత్తబుట్టకే. మీల్స్‌లోకి ఆమ్లెట్ అడుగుతారని ఇదే పెనం మీద గుడ్డు కొట్టడం ఇంకో పాడలవాటు. నీసు వాసన పొద్దుటి దోశకు అంటుతుంది, శనివారం పూట వచ్చేవాళ్లు ఒక్క ముక్కకే పసిగడతారు. పుల్కాకు కూడా ఇది పనికిరాదు. పుల్కాకు పొడి పెనం కావాలి, నూనె పట్టిన పెనం పొగ కక్కుతుంది. ఆమ్లెట్‌కొకటి, పుల్కాకొకటి చిన్న పెనాలు కొనుక్కోండి, పెద్ద ఖర్చేం కాదు.

ఇక నూనె. పూరీ వేసిన నూనెలో అడుగున పిండి మాడి నల్లగా కూర్చుంటుంది. అదే వేడి మీద అప్పడాలు వేస్తే ప్రతి అప్పడం మీద నల్ల చుక్కలు, నోట్లో చేదు. సరైన వరస తిరగేసి ఉంటుంది: పొద్దుగాల కొత్త నూనె పోయగానే మొదట అప్పడాలు, వడియాలు వేయించి మూత గట్టి డబ్బాలో పెట్టుకోవాలి. ఆ తర్వాత వడ, బజ్జీ, ఆఖరున పూరీ. వానాకాలంలో మాత్రం అప్పడం డబ్బాలో కూడా గంటన్నరకు మెత్తబడుతుంది కాబట్టి చిన్న కడాయిలో విడిగా కొంచెం నూనెతో పదకొండుకు వేసుకోవడమే మేలు. పూరీ అయ్యాక నూనెను పక్కకు దించి, చెయ్యి దగ్గర పెడితే సెగ తగలనంత చల్లారాక బట్టలో వడగట్టాలి. సలసల కాగుతున్న నూనెను వడగట్టబోయి కాళ్ల మీద పోసుకున్నవాళ్లు ప్రతి బజారులో ఒకరుంటారు. వాడిన నూనెలో చెడిన పదార్థం 25 శాతం దాటితే వాడొద్దని ఆహార భద్రత నిబంధన 2018 జూలై నుంచి అమల్లో ఉంది. కొలిచే మీటరు దొరుకుతుంది. లేకుంటే కళ్లతోనే చూడాలి: మామూలు మంటకే పొగ వస్తున్నా, వేసిన పదార్థం చుట్టూ నురగ లేచి తగ్గకపోయినా, చల్లారాక వేళ్లకు జిగురుగా అంటినా ఆ నూనె పని అయిపోయింది. అందులో సగం కొత్తది కలిపితే కొత్తది కూడా పాడవుతుంది, అంతే.

చట్నీలు. పల్లి చట్నీలో పచ్చి కొబ్బరి కలిపితే ఎండాకాలం మూడు గంటలకే జిగురు వస్తుంది. పల్లీలు, పచ్చిమిర్చి, చింతపండుతోనే చేసింది ఇంకో గంట ఎక్కువ ఆగుతుంది. ఏదైనా సరే, పాత చట్నీ మీద కొత్తది పోయడం మానాలి. తొమ్మిదికి కొత్త వాయి రుబ్బినప్పుడు గిన్నె కూడా మార్చాలి. పదకొండుకు మిగిలింది పారబోయడమే. అల్లం చట్నీ, కారం పొడి మాత్రం నిలువ ఉంటాయి. అన్నట్టు, మీల్స్ టేబుల్ మీదికి అదే కారం పొడి పెట్టేవాళ్లు ఒకటి గమనించాలి. రంగు కోసం వాడే మన చపాటా మిర్చికి, 2025లో భౌగోళిక గుర్తింపు వచ్చిందే, దానికి ఎరుపు ఎక్కువ, కారం తక్కువ. ఇడ్లీకి అది చాలు. వేడన్నంలో నెయ్యితో కలిపేవాళ్లకు చాలదు, కొంచెం తేజ రకం కలుపుకోవాలి.

సాంబారు దగ్గరే ఎక్కువమంది దెబ్బతింటారు. ఇడ్లీ సాంబారు మిగిలితే దాన్నే మీల్స్ సాంబారులో గుమ్మరిస్తారు. పొద్దుటి నుంచి సన్న మంట మీద కాగి కాగి పప్పు అడుగుకు చేరి ఉంటుంది, ముక్కలు కరిగిపోయి ఉంటాయి. చిక్కబడిందని నీళ్లు పోస్తారు, ఉప్పు పోయిందని ఉప్పు వేస్తారు, పులుపు పోయిందని చింతపండు పిండుతారు. పచ్చి చింతపండు వాసన పోయేదాకా మరిగించే తీరిక ఉండదు. ఒంటిగంటకు ఆ బకెట్ మొత్తం తేడా కొడుతుంది. దీనికంటే పప్పును ఒకేచోట ఉడికించి రెండు పూటలకూ పంచుకోవడం తేలిక.

వంద మీల్స్‌కు ముద్దపప్పో పాలకూర పప్పో అయితే కందిపప్పు 4 కిలోలు, పదిహేను లీటర్ల సాంబారుకు ఇంకో కిలోన్నర. 22 లీటర్ల కుక్కర్లో ఒక్క వాయికి 3 కిలోలు మించి వేయొద్దు, పప్పు పొంగి ఆవిరి రంధ్రం మూసుకుపోతుంది. అరగంట నానబెట్టి, చెంచా నూనె వేసి, మొదటి వాయి ఎనిమిదీ ముప్పావుకు, రెండోది తొమ్మిదిన్నరకు దించితే సాంబారు, పప్పు రెండింటికీ ఆధారం దొరికినట్టే. గోంగూర పప్పు చేసే రోజు ఆకు వేరే ఉడికించాలి. పులుపు పడితే పప్పు ఎంతసేపున్నా బద్దగానే ఉంటుంది. పుల్లటి ఆకు తప్పును కుక్కర్ మీద వేసి కొత్త రబ్బరు కొనేవాళ్లను చూస్తే జాలేస్తుంది.

ఈ కుక్కర్‌కు పొయ్యి ఎక్కడిది అంటారా? అదే నా వాదన. మీల్స్ మాస్టర్ ఎనిమిదికి వచ్చి, ఉల్లిగడ్డలు కోసి, బెండకాయలు తరిగి, పది దాకా పొయ్యి దొరక్క గోడకు ఆనుకుని నిలబడితే ఆ జీతం దండగ. కొత్త బోర్డు మీద, రంగు లైట్ల మీద పెట్టే డబ్బు కంటే నాలుగో పొయ్యి మీద పెట్టిందే ముందు తిరిగొస్తుంది. చిన్నదైనా చాలు, ఎనిమిది తర్వాత అది మీల్స్ మాస్టర్‌దే. టిఫిన్ మాస్టర్ దాని మీద ఛాయ్ పాలు కూడా పెట్టొద్దు. చోటు లేదనేవాళ్లు వంటింటి వెనక గోడను ఒకసారి చూసుకోవాలి. ఖాళీ డబ్బాలు, పాత టైర్లు, విరిగిన కుర్చీ, దేవుడి పాత ఫోటోలు ఉంటాయక్కడ.

అసలు పొయ్యే అడగని వంటకం మన దగ్గర ఒకటుంది, పచ్చి పులుసు. పొయ్యిల కొరత ఉన్న హోటల్‌కు ఇది దేవుడిచ్చిన వరం. పది లీటర్లకు చింతపండు అర కిలో, ఉల్లిగడ్డ కిలో, పచ్చిమిర్చి 150 గ్రాములు, వేయించి దంచిన నువ్వులు 150 గ్రాములు, ఉప్పు 100 గ్రాముల దగ్గర, చిన్న బెల్లం ముక్క. చింతపండు తొమ్మిదికి నానేయాలి. మిర్చిని పదకొండుకు ఆపబోయే దోశ పెనం అంచున కాల్చుకోవచ్చు. పోపు ఒక్కటే నిప్పు అడుగుతుంది, అదీ రెండు నిమిషాలు. ఉల్లిగడ్డ మాత్రం వడ్డించే ముందు పిసికి కలపాలి. పదింటికే కలిపితే ఒంటిగంటకు వాసన తిరుగుతుంది. ఎండాకాలం సాంబారు తగ్గించి దీన్ని పెంచినా ఎవరూ కాదనరు, చల్ల పోసుకునేలోపు రెండుసార్లు అడిగి పోయించుకుంటారు.

మళ్లీ అన్నం దగ్గరికి. ఫుల్ మీల్స్‌కు మనిషికి 150 గ్రాముల బియ్యం, కిలోకు ఆరేడుగురు. వందమందికి 15 కిలోలు. ఇదంతా ఒకే డేగిసాలో, ఒకే వాయిలో వండొద్దు. బరువుకు అడుగున ఉన్నది ముద్దవుతుంది, పైది పలుకుగా ఉంటుంది, రెంటినడుమ మాత్రమే తినేట్టు ఉంటుంది. పదకొండుంబావుకు చేతికొచ్చేట్టు మొదటి వాయి 6 కిలోలు, పన్నెండున్నరకు మరో 6, ఒకటిన్నరకు గల్లా చూసి మిగతాది. మొదటి వాయి చిన్నదైతే ఎసరు కూడా త్వరగా మరుగుతుంది, 30 లీటర్లకు పాతిక నిమిషాలు.

పలుకు చూసే పని గడియారానికి అప్పజెప్పొద్దు. పది నిమిషాలు కాగానే గంటెతో నాలుగు మెతుకులు తీసి వేళ్ల మధ్య నొక్కాలి. నడుమ సూదిమొనంత తెల్ల చుక్క కనబడినప్పుడే వార్చాలి, ఆ చుక్క దమ్ములో పోతుంది. చుక్క పోయేదాకా ఆగితే దమ్ములో అన్నం విరుగుతుంది. పాత బీపీటీ సన్నబియ్యానికి ఒక లెక్క, కొత్త బియ్యానికి ఇంకో లెక్క. నవంబర్, డిసెంబర్‌లో వానాకాలం పంట దిగి కొత్త బియ్యం బస్తాలు రాగానే ఊళ్లోని సగం హోటళ్లలో అన్నం మెత్తబడేది ఇందుకే. కొత్త బియ్యాన్ని నానబెట్టొద్దు, రెండు నిమిషాలు ముందే వార్చాలి, దమ్ము మంట ఇంకా తగ్గించాలి. బస్తా మారిన రోజు ముందు ఒక గ్లాసు బియ్యం వండి చూసుకుంటే పరువు దక్కుతుంది.

గంజి వార్చేటప్పుడు ఇద్దరుండాలి, కింద తడి ఉండొద్దు, ప్లేట్లు మోసే పిల్లగాడు ఆ దారిలో రావొద్దు. ప్రమాదాలు ఎక్కువగా ఈ గడియలోనే అవుతాయి. టిఫిన్ ప్లేట్లన్నీ ఒక్కసారి కడగడానికి పోయే సమయం, గంజి దించే సమయం ఒకటే కావడం దానికి కారణం. గంజి పడేయకండి, చెప్పిపెడితే బర్రెలోళ్లు క్యాన్లు తెచ్చుకుని పట్టుకుపోతారు. మోరీ కూడా జామ్ కాదు.

గ్యాస్ సంగతి చెప్తానన్నాను. పదిన్నరకు పొయ్యిలన్నీ ఒక్కసారి పెద్ద మంట మీద ఉంటాయి. 19 కిలోల సిలిండర్ ఒక్కదాని మీదే నడిపిస్తే, అందులో గ్యాస్ ఉన్నా మంట పడిపోతుంది. లోపలి ద్రవం ఆవిరయ్యే కొద్దీ సిలిండర్ చల్లబడి, చలికాలంలో బయట మంచులా కడుతుంది. చాలామంది అయిపోయిందనుకుని మార్చేస్తారు. అడుగున మిగిలిన రెండు మూడు కిలోలు ఏజెన్సీకి వాపసు పోతాయి. కొందరు వేడినీళ్లు పోస్తారు, ఇంకొందరు పొయ్యి దగ్గరికి జరుపుతారు, అది మరీ ప్రాణం మీదికి తెచ్చుకోవడం. రెండు సిలిండర్లను ఒకే పైపుకు కలిపి నడిపితే చల్లబడే సమస్య తీరుతుంది. తడి గుడ్డతో సిలిండర్ తుడిస్తే గ్యాస్ ఉన్నంతమేర తడి ఆలస్యంగా ఆరుతుంది. తొమ్మిదిన్నరకు అట్లా చూసుకుని, తక్కువుంటే పదిలోపే, పొయ్యిలన్నీ ఆపి మార్చాలి.

ఇంత చేసినా పదకొండు నుంచి పదకొండున్నర దాకా ఖాళీ ఉంటుంది. ఆ ఖాళీకి పులిహోర వేసుకోవాలి. మూడు కిలోల అన్నం, చిన్న పొయ్యి మీద పదిన్నరకే దింపి, వెడల్పు తాంబాళంలో ఆరబోసి, ముందురోజు చేసి పెట్టిన చింతపండు గుజ్జు, పోపు కలిపితే పదకొండుకు ప్లేటులో ఉంటుంది. దోశకు వచ్చినాయన అదన్నా తింటాడు. రాత్రి మిగిలి తెల్లారేదాకా బయట ఉన్న అన్నంతో మాత్రం కలపొద్దు. అట్లాంటి అన్నంలో పుట్టే ఒక రకం విషం పోపు వేడికి కాదు గదా, మళ్లీ ఉడికించినా చావదు. వాంతులు పట్టుకుంటాయి. వేడిగా పెట్టే ఏ పదార్థమైనా 60 డిగ్రీలకు పైన ఉండాలి. వేలు పెట్టి ఉంచలేనంత వేడి అని గుర్తు పెట్టుకోండి, వేలు మాత్రం పెట్టకండి.

సమయాలన్నీ ఊరంతా ఒకటే అనుకోవడం పొరపాటు. ఏనుమాముల మార్కెట్ దగ్గర మిర్చి సీజన్‌లో, జనవరి నుంచి ఏప్రిల్ దాకా, రైతులు రాత్రే సరుకుతో వచ్చి ఉంటారు. తెల్లారి టిఫిన్ తిన్న హమాలీలకు పదిన్నరకే అన్నం కావాలి. అక్కడ పైన చెప్పినవన్నీ గంట ముందుకు జరుగుతాయి, పూరీ తొమ్మిదికే బంద్. కాకతీయ యూనివర్సిటీ, నిట్ కాలేజీ వైపు దీనికి తలకిందులు. ఆదివారం పిల్లలు లేచేదే పది తర్వాత, దోశ పెనం పన్నెండు దాకా నడవాల్సిందే. ఆదివారం మీల్స్ కంటే బగారా, చికెన్ ఎక్కువ పోతాయి కాబట్టి సరిపోతుంది కూడా. బగారాకు గంజి వార్చే పని లేదు. సుబేదారిలో కలెక్టరేట్, కోర్టు గిరాకి ఒంటిగంట దాటాకే. అక్కడ పదకొండున్నరకు 6 కిలోల వాయి దించితే చల్లారిపోతుంది, 3 చాలు. ఎంజీఎం ఆసుపత్రి దగ్గర ఇడ్లీ బంద్ అనే మాటే ఉండొద్దు. పేషెంట్‌కు మెత్తటిది కావాలని రెండింటికి కూడా వస్తారు. ఒక చిన్న ఇడ్లీ డబ్బా, ఒక స్టవ్ విడిగా పెట్టుకోవాల్సిందే. కార్తీక మాసంలో వేయి స్తంభాల గుడి చుట్టుపక్కల టిఫిన్ పదకొండు దాటినా తగ్గదు, ఉపవాసం విడిచేవాళ్లు సాయంత్రం మళ్లీ అడుగుతారు. రెండేళ్లకోసారి మేడారం జాతర రోజుల్లో ములుగు రోడ్డు మీద మార్పనేదే లేదు. బయట రెండు కట్టెల పొయ్యిలు వేసి అన్నం అటు, టిఫిన్ ఇటు రాత్రీ పగలూ నడపాలి.

ఆన్‌లైన్ ఆర్డర్లు తీసుకునేవాళ్లు యాప్‌లో టిఫిన్ ఐటమ్స్‌కు విడిగా వేళలు పెట్టుకోవాలి. దుకాణంలో ఆపే వేళ కంటే పావుగంట ముందు ముగించాలి, ఐటమ్ ఆగే వరసలోనే: పూరీ తొమ్మిదీ నలభై అయిదుకు, ఇడ్లీ పదీ నలభై అయిదుకు, దోశ కూడా దాంతోటే. పెనం తుడిచి నూనె రాసిన నిమిషానికి ఫోన్ మోగి "రెండు ఆనియన్ దోశ" అంటే మాస్టర్ నోటి నుంచి వచ్చే మాటలు ఇక్కడ రాయలేను.

బయట హాల్లో పని తక్కువే గానీ తప్పులు ఎక్కువ. టిఫిన్ ప్లేట్లన్నీ సింకులోకి చేరకముందే మీల్స్ కంచాలు కడిగి ఆరబెట్టి ఉండాలి. తడి కంచంలో వేడన్నం వడ్డిస్తే అడుగున నీళ్లు చేరతాయి. ఇడ్లీ డబ్బా కింద మిగిలిన వేడినీళ్లు గిన్నెలు కడగడానికి బాగుంటాయి, ఒట్టిగా పారబోయొద్దు. చట్నీ బకెట్ కడగకుండా అందులోనే చారు పోసే సప్లయర్ ఒకడు ప్రతి హోటల్లో ఉంటాడు. రంగు వేరే హ్యాండిల్ ఉన్న బకెట్లు ఇస్తే వాడు కూడా మారతాడు.

ఇంత హడావుడిలో అందరూ మర్చిపోయేది రేపటి మినపగుండ్లు. చలికాలం పిండి పొంగడానికి పన్నెండు గంటలకు పైనే కావాలి, అంటే మధ్యాహ్నం మూడున్నరకల్లా రుబ్బాలి, దానికి నాలుగు గంటల ముందు నానేయాలి. సరిగ్గా పదకొండున్నరకు, మొదటి మీల్స్ వడ్డిస్తున్నప్పుడు. ఎండాకాలమైతే రాత్రి తొమ్మిదికి రుబ్బినా చాలు, సాయంత్రం అయిదుకు నానేయొచ్చు. డిసెంబర్, జనవరిలో మాత్రం పూరీ కడాయి దింపిన చేత్తోనే మినపగుండ్ల బకెట్‌లో నీళ్లు పోసి, దాని మూత మీద సుద్దముక్కతో నానేసిన వేళ రాసి పెట్టండి.